ఒక్క వేసవి వెలిగిన చేయి

పాఠకుల ప్రశ్నలు, మాస్టారి జవాబులు

ప్రశ్న: మాస్టారు గారికి నమస్కారం. మేము ఎనిమిదేళ్లు అమెరికాలో డెట్రాయిట్ దగ్గర ఉండి, మూడేళ్ల క్రితం బెంగళూరు వచ్చేశాం. మా అబ్బాయికి పధ్నాలుగేళ్లు. అక్కడ అంటుకున్న బేస్‌బాల్ పిచ్చి ఇక్కడికి వచ్చినా వదలలేదు. ప్రతి ఆదివారం తనకంటే పెద్ద పిల్లలతో కలిసి ఆడతాడు. వేగంగా విసురుతాడని పిచ్చర్‌గా వాణ్ణే నిలబెడతారు. మిగిలిన రోజుల్లో స్కూలు క్రికెట్ జట్టుకు ఫాస్ట్ బౌలింగ్ చేస్తాడు. వాడి గది గోడకు మార్క్ ఫిడ్రిచ్ అనే పాతకాలపు పిచ్చర్ బొమ్మ ఉంది. ఆయన ఒకే ఒక్క ఏడాది దేశాన్ని ఊపేసి, నాలుగేళ్లలో కనుమరుగయ్యాడని మా వారు చెబుతుంటారు. పోయిన వారం రాత్రి మా వాడు పప్పన్నం కలుపుతూ మొహం చిట్లించి, చెంచా ఇమ్మన్నాడు. గట్టిగా అడిగితే, మోచేతి లోపలివైపు నెల రోజులుగా నొప్పిగా ఉందని, కోచ్‌కు మాత్రం చెప్పవద్దని బతిమాలాడు. ఫిడ్రిచ్ వంటి వాళ్ల ఆట అంత తొందరగా ఎందుకు ముగిసిపోతుంది? మా వాణ్ణి ఆట మాన్పించమంటారా?
— ఒక తల్లి, మారతహళ్లి, బెంగళూరు

జవాబు: అమ్మా, మీ చివరి ప్రశ్నకు ముందు జవాబు చెప్పి, ఆ తరువాత ఫిడ్రిచ్ సంగతికి వస్తాను. ఈ సంచిక మీ చేతికి అందేదాకా ఆగడం మంచిది కాదని ఈ మొదటి మాటలు మీకు విడిగా ముందే రాసి పంపాను. ఇలాంటి నొప్పి ఇంకా ఎన్ని ఇళ్లలో దాగి ఉందోనన్న ఆలోచనతో వాటిని ఇక్కడ మళ్లీ రాస్తున్నాను. మీ అబ్బాయి బంతి విసరడం ఈ రోజే ఆపాలి. బేస్‌బాల్ ఒక్కటే కాదు, క్రికెట్ బౌలింగ్ కూడా ఆపాలి, ఫీల్డింగ్‌లో దూరం నుంచి విసరడం కూడా ఆపాలి. పిల్లల ఎముకలు, ఆటగాళ్ల గాయాలు చూసే అలవాటున్న ఆర్థోపెడిక్ డాక్టరుకు చూపించి, ఆయన అవసరమన్న ఎక్స్‌రే తీయించండి.

డాక్టరు దగ్గరకు వెళ్లేలోపు మీరు ఇంట్లోనే ఒక సంగతి గమనించవచ్చు. అరచేయి పైకి ఉండేలా వాణ్ణి చేయి చాపమనండి. మోచేతికి లోపలివైపు, అంటే ఒంటికి దగ్గరగా ఉండే పక్కన, ఒక చిన్న ఎముక బొడిపెలా పొడుచుకువచ్చి తగులుతుంది. దాని మీద మీ బొటనవేలితో మెల్లగా నొక్కి చూడండి, తరువాత రెండో చేతికి కూడా అదే చోట నొక్కి చూడండి. కుడిచేతి దగ్గర మాత్రమే వాడు చటుక్కున చేయి లాక్కుంటే, ఆ మాట డాక్టరుకు తప్పక చెప్పండి. పధ్నాలుగేళ్ల పిల్లవాడిలో ఆ బొడిపె పై ఎముకతో ఇంకా పూర్తిగా కలిసిపోయి ఉండదు. రెండింటి నడుమ పెరుగుదలకు తోడ్పడే మెత్తటి పొర ఒకటి ఉంటుంది, అది పదిహేను, పదిహేడేళ్ల మధ్య గానీ గట్టిపడదు. విసిరిన ప్రతిసారీ ముంజేతి కండరాలు, మోచేతి లిగమెంటు (ఎముకలను కట్టి ఉంచే పట్టీ) ఆ బొడిపెను పట్టి లాగుతాయి. పెద్దవాళ్లలో ఆ లాగుడుకు లిగమెంటు చిరిగితే, పిల్లల్లో అంతకంటే బలహీనమైన ఈ పొర విచ్చుకుంటుంది. వేళకు గుర్తించి విసరడం మానితే చాలామంది పిల్లలకు విశ్రాంతితోనే నయమవుతుంది. గుర్తించకపోవడమే ప్రమాదం. నేను డాక్టరును కాను, ముప్పై ఏళ్లు వ్యాయామ ఉపాధ్యాయుడిగా పనిచేసినవాణ్ణి. కాబట్టి దీని తరువాతి మాట డాక్టరుదే కావాలి.

ఇక మీ వాడి గది గోడ మీద ఉన్న మనిషి గురించి. మార్క్ ఫిడ్రిచ్ 1954లో మసాచుసెట్స్ రాష్ట్రంలో పుట్టాడు. 1974లో డెట్రాయిట్ టైగర్స్ జట్టు అతణ్ణి కొత్త ఆటగాళ్ల ఎంపికలో పదో రౌండులో, అంటే పెద్దగా ఆశలేమీ పెట్టుకోకుండానే, ఎంచుకున్నది. 1976 వసంతంలో అసలు జట్టు జాబితాలో పేరు లేకుండానే శిబిరానికి వచ్చి చోటు సంపాదించుకున్నాడు. మే 15న క్లీవ్‌లాండ్ మీద మొదటిసారి ఆట ఆరంభం నుంచి బంతి అందుకుని, ప్రత్యర్థులకు రెండే హిట్లు (బ్యాటర్ బంతిని కొట్టి క్షేమంగా బేస్ చేరడం) ఇచ్చి 2-1తో గెలిపించాడు. గిరజాల జుట్టు, సన్నటి పొడుగాటి ఒళ్లు చూసి పిల్లల టీవీ కార్యక్రమంలోని పెద్ద పక్షి బొమ్మను తలచుకుని, పై స్థాయి మేజర్ లీగ్‌కు రాకముందు, కింది స్థాయి మైనర్ లీగ్ రోజుల్లోనే అతనికి ‘ద బర్డ్’ అన్న ముద్దుపేరు పెట్టారు. పిచ్చర్ నిలబడే మట్టి దిబ్బను మౌండ్ అంటారు. ప్రతి ఇన్నింగ్స్‌కూ (బేస్‌బాల్ ఆటలో మామూలుగా తొమ్మిది ఉంటాయి) ముందు ఫిడ్రిచ్ మోకాళ్ల మీద వంగి, అవతలి పిచ్చర్ కాలితో తవ్విపోయిన గుంటలను అరచేతులతో పూడ్చి, అలికిన అరుగులా చదును చేసుకునేవాడు. బంతిని కళ్ల ముందు పెట్టుకుని దానితో మాట్లాడేవాడు. తోటి ఆటగాడు మంచి క్యాచ్ పడితే వెళ్లి చేయి కలిపి వచ్చేవాడు. ఇవన్నీ చూసి జనం అతణ్ణి వింతమనిషి అనుకున్నారు గానీ, నాకు మాత్రం అందులో పొలం గట్టు సరిచేసుకునే రైతు శ్రద్ధ కనిపిస్తుంది.

జూన్ 28న న్యూయార్క్ యాంకీస్‌తో జరిగిన ఆటను దేశమంతా టీవీలో చూసింది. 47 వేల మందికి పైగా వచ్చిన ఆ ఆటను డెట్రాయిట్ 5-1తో గెలిచాక కూడా జనం ఇళ్లకు పోకుండా, అతను మళ్లీ బయటకు వచ్చి కనిపించేదాకా అరుస్తూ నిలబడ్డారు. ఆ ఏడాది అతను 19 ఆటలు గెలిచాడు, 9 ఓడాడు. పిచ్చర్ పనితనానికి ఒక కొలత ఉంది: తొమ్మిది ఇన్నింగ్స్‌కు సగటున అతని ఖాతాలో ఎన్ని పరుగులు పడ్డాయన్నది. అది మూడు లోపు ఉంటే గొప్పగా చెప్పుకుంటారు. ఫిడ్రిచ్‌ది 2.34, ఆ ఏడు మేజర్ లీగ్‌లోని రెండు లీగుల్లోనూ ఎవరికీ అంతకంటే తక్కువ లేదు. ఆ సంవత్సరపు ఉత్తమ కొత్త ఆటగాడి బహుమతి అతనిదే. ఆ ఏడాది జీతం 16,500 డాలర్లు.

ఇప్పుడు నేను చెప్పదలచుకున్న అసలు లెక్క వినండి. ఫిడ్రిచ్ ఆ ఏడాది మొదటి బంతి నుంచి బరిలోకి దిగిన ఆటలు 29. వాటిలో 24 ఆటలను మరో పిచ్చర్ సాయం లేకుండా చివరిదాకా తానే వేశాడు. పదకొండు ఇన్నింగ్స్ వరకూ సాగినవి కూడా అందులో ఉన్నాయి. మొత్తం 250 ఇన్నింగ్స్. ఒక్కో ఇన్నింగ్స్‌కు పదమూడు బంతులే అనుకున్నా మూడు వేలు దాటుతాయి, అవి ఆటలో వేసినవి మాత్రమే. అప్పటికి అతని వయసు ఇరవై ఒకటి, ఆగస్టులో ఇరవై రెండు నిండింది. ఒక ఆటలో పిచ్చర్ ఎన్ని బంతులు విసిరాడో ఈనాటిలా ఒక్కొక్కటీ లెక్కపెట్టి ఆపే అలవాటు ఆ కాలంలో లేదు. అలిసిపోయావా అని అడిగితే, ఇరవై రెండేళ్ల కుర్రవాడు, అందులోనూ దేశమంతా చప్పట్లు కొడుతున్నవాడు, అవునని ఎందుకు అంటాడు?

మరుసటి ఏడాది, 1977 మార్చిలో, శిక్షణ శిబిరంలో సరదాగా గాలిలోకి వచ్చిన బంతులు పట్టుకుంటూ గెంతి మోకాలి కార్టిలేజ్ చించుకున్నాడు. ఆపరేషన్ అయింది. మే నెలాఖరుకు తిరిగి వచ్చి బాగానే గెలిచాడు గానీ, జూలై 4న బాల్టిమోర్‌తో ఆడుతుండగా చేతిలో సత్తువ చచ్చిపోయినట్టయింది. ఆ ఏడాది 11 ఆటలు. 1978లో మూడు, 1979లో నాలుగు, 1980లో తొమ్మిది. అంతే. మేజర్ లీగ్‌లో మొత్తం 58 ఆటలు, 29 గెలుపులు, 19 ఓటములు. ఆ తరువాత మైనర్ లీగ్‌లో తంటాలు పడి 1983లో ఆట మానుకున్నాడు. భుజం కీలును పట్టి ఉంచే రొటేటర్ కఫ్ అనే కండరాల కూర్పు చిరిగిపోయిందని డాక్టర్ జేమ్స్ ఆండ్రూస్ కనిపెట్టింది 1985లో. అంటే నొప్పి మొదలైన ఎనిమిదేళ్లకు, ఆట మానిన రెండేళ్లకు జబ్బు పేరు తెలిసింది. అతని కథలో నన్ను అన్నిటికంటే బాధపెట్టేది ఈ ఎనిమిదేళ్లు.

మోకాలి గాయానికీ భుజానికీ ఏమిటి సంబంధం అని మీకు అనిపించవచ్చు. చర్నాకోల ఝళిపించడం చూసే ఉంటారు: పిడి దగ్గర కదలిక నెమ్మదిగానే ఉంటుంది, కొసకు వచ్చేసరికి ఛెళ్లుమంటుంది. పిచ్చర్ ఒళ్లు కూడా అంతే. వెనకకాలితో నేలను తన్ని, ముందుకాలి మీద బరువు దించి, నడుము తిప్పి, ఛాతీ తిప్పి, ఆ ఊపునంతా భుజానికీ, భుజం నుంచి మోచేతికీ, అక్కడి నుంచి వేళ్ల కొసలకూ అందిస్తాడు. ఆ క్షణంలో భుజం తిరిగే వేగం సెకనుకు సుమారు ఏడు వేల డిగ్రీలని కొలిచారు. అంటే, అదే వేగంతో ఆగకుండా తిరిగితే సెకనులో దాదాపు ఇరవై చుట్లు. మనిషి శరీరంలో ఇంతకంటే వేగమైన కదలిక లేదంటారు. మోకాలి మీద నమ్మకం లేనివాడు కాళ్ల నుంచి రావలసిన ఊపులో కొంత పోగొట్టుకుంటాడు. ఆ లోటు పూడ్చడానికి తెలియకుండానే చేతిని ఎక్కువగా వాడతాడు. ఫిడ్రిచ్ విషయంలోనూ ఇదే జరిగి ఉంటుందని చాలామంది అభిప్రాయం. నాకూ అదే సబబుగా తోస్తున్నది, అయితే దానితో పాటు ఆ 250 ఇన్నింగ్స్‌ను కూడా లెక్కలో వేసుకోవాలని నా పట్టుదల.

మీ వాడు క్రికెట్ కూడా ఆడుతున్నాడు కాబట్టి రెంటికీ ఉన్న తేడా తెలుసుకోవాలి. బంతుల బరువులో పెద్ద తేడా లేదు: క్రికెట్ బంతి 156 నుంచి 163 గ్రాములు, బేస్‌బాల్ 142 నుంచి 149 గ్రాములు. క్రికెట్‌లో బౌలర్ పరుగెత్తుకుంటూ వచ్చి, మోచేయి పదిహేను డిగ్రీలకు మించి చాపకుండా, అంటే దాదాపు నిటారు చేతితో వేయాలి. అందువల్ల భారం ఎక్కువగా నడుము మీద పడుతుంది. మన ఫాస్ట్ బౌలర్లకు నడుము దగ్గర వెన్నెముకలో సన్నటి పగుళ్లు రావడం, వాళ్లు కోలుకోవడానికి ఈ బెంగళూరులోని బోర్డు అకాడమీకి నెలల తరబడి రావడం పత్రికల్లో చదువుతూనే ఉన్నాం. పిచ్చర్‌కు పరుగు లేదు. నిలబడ్డ చోటు నుంచే మోచేతిని మడిచి, వెనక్కి విరిచి, ఒక్కసారిగా ముందుకు విసరాలి. భారమంతా మోచేతి లోపలివైపు, భుజం మీద పడుతుంది. వారమంతా బౌలింగ్ చేసి ఆదివారం పిచ్చింగ్ చేసే పిల్లవాడు రెండు ఆటల బరువునూ ఒకే ఒంటి మీద మోస్తున్నాడు, పైగా క్రికెట్ కోచ్‌కు ఆదివారం సంగతి తెలియదు, బేస్‌బాల్ కోచ్‌కు వారం సంగతి తెలియదు. రెండూ తెలిసినది ఇంట్లో మీ ఒక్కరికే.

వ్యాయామంతో కండ పెరుగుతుంది గానీ లిగమెంటు ఆ పాళాన బలపడదు. అందుకే జిమ్ములో కండలు పెంచి వేగం పెంచుకున్నకొద్దీ, ఆ వేగాన్ని ఆపుకోవలసిన సన్నటి పట్టీ మీద భారం పెరుగుతూ పోతుంది. అది తెగితే మార్గం లేకపోలేదు. 1974 సెప్టెంబరులో టామీ జాన్ అనే పిచ్చర్‌కు డాక్టర్ ఫ్రాంక్ జోబ్ ముంజేతి నుంచి తీసిన స్నాయువును మోచేతి ఎముకల్లో రంధ్రాలు చేసి లిగమెంటుకు బదులుగా కట్టాడు. జాన్ 1976లో తిరిగి వచ్చి 1989 దాకా ఆడాడు. అతని 288 గెలుపుల్లో 164 ఆ ఆపరేషన్ తరువాతవే. ఆ ఆపరేషన్‌కు అతని పేరే స్థిరపడింది. దీన్ని విని, చేయి చెడితే బాగుచేయించుకోవచ్చుననీ, చేయించుకుంటే వేగం ఇంకా పెరుగుతుందనీ నమ్మే తల్లిదండ్రులు అమెరికాలో కూడా ఉన్నారు. అది అపోహ. 2010లో మొదటి ఆటలోనే 14 మందిని స్ట్రైకవుట్ చేసిన, అంటే బంతిని కొట్టనివ్వకుండానే అవుట్ చేసిన, స్టీఫెన్ స్ట్రాస్‌బర్గ్‌కు అదే ఏడాది ఈ ఆపరేషన్ అయింది. అతను కోలుకుని 2019 వరల్డ్ సిరీస్ అనే అంతిమ పోరులో ఉత్తమ ఆటగాడయ్యాడు, ఏడేళ్లకు 24.5 కోట్ల డాలర్ల ఒప్పందం చేసుకున్నాడు. కానీ ఆ ఒప్పందం మీద ఎనిమిది ఆటలే ఆడగలిగి, మళ్లీ మళ్లీ వచ్చిన గాయాలతో విరమించుకున్నాడు.

నొప్పిని దాచడం గురించి ఒక మాట. 1960లలో శాండీ కోఫాక్స్ కంటే గొప్ప ఎడమచేతి పిచ్చర్ లేడు. మోచేతికి కీళ్లవాతం. ఆటకు ముందు మిరపకాయల సారంతో చేసిన మంటపుట్టించే పూతమందు చేతికి పూసుకునేవాడు, కీలులోకి కార్టిజోన్ సూదులు వేయించుకునేవాడు, ఆట ముగియగానే మోచేతిని ఐసు నీళ్లలో ముంచి కూర్చునేవాడు. 1966లో 27 ఆటలు గెలిచి, 1.73 సగటుతో తన జీవితంలోకెల్లా గొప్ప సీజన్ ముగించి, ఆ నవంబరులో ముప్పై ఏళ్ల వయసులో ఇక చాలని ప్రకటించాడు. మిగిలిన జీవితమంతా ఆ చేతిని వాడుకోవాలి గదా అన్నది అతని ఆలోచన. మీ అబ్బాయికి గోడ మీది ఫిడ్రిచ్ పక్కన కోఫాక్స్ కథ కూడా చెప్పండి.

నా సొంత అనుభవం ఒకటి చెప్పక తప్పదు. చాలా ఏళ్ల క్రితం ఇదే ఊళ్లో ఒక స్కూల్లో జావెలిన్ విసిరే పిల్లవాడొకడు, మీ వాడి ఈడువాడే, మోచేతి లోపలివైపు నొప్పి అని నాతో చెప్పాడు. పోటీలు నాలుగు రోజుల్లో ఉన్నాయి. నేను స్ప్రే కొట్టి, క్రేప్ బ్యాండేజీ చుట్టి, ఇది గడిచాక చూద్దాం అన్నాను. వాడు విసిరాడు, పతకం తెచ్చాడు, ఆ తరువాత ఆ చేతితో మళ్లీ జావెలిన్ ఎత్తలేకపోయాడు. వాడు చెప్పాడు, వినవలసినవాణ్ణి నేను వినలేదు. మీ వాడు చెప్పవద్దని బతిమాలుతున్నాడు. మీరు మాత్రం రేపే వెళ్లి ఇద్దరు కోచ్‌లకూ చెప్పండి. చెబితే జట్టులోంచి తీసేస్తారని వాడి భయం. తీసేస్తే తీసేయనివ్వండి.

మాన్పించమంటారా అని అడిగారు. నయమయ్యాక మాన్పించవద్దు, లెక్క పెట్టండి. మేజర్ లీగ్ బేస్‌బాల్, అమెరికా బేస్‌బాల్ సంఘం కలిసి 2014లో పిల్లల కోసం నియమాలు ఏర్పరిచాయి. వాటి ప్రకారం పదమూడు, పధ్నాలుగేళ్ల వాళ్లు ఒక రోజులో 95 బంతులు దాటకూడదు. 20 లోపు వేస్తే మరునాడు కూడా వేయవచ్చు. 66 గానీ అంతకు మించి గానీ వేస్తే నాలుగు పూర్తి రోజులు చేతికి విశ్రాంతి ఇవ్వాలి. ఏడాదిలో కనీసం నాలుగు నెలలు, అందులో రెండు మూడు నెలలు వరుసగా, చేయెత్తి విసిరే ఆట ఏదీ ఆడకూడదు. మీ వాడి విషయంలో బౌలింగ్ చేసిన రోజులను కూడా ఈ లెక్కలోనే కలపాలని నేనంటాను. పాల లెక్క రాసుకునే క్యాలెండర్ మీదే రోజుకు ఎన్ని బంతులు విసిరాడో వాడి చేతనే రాయించండి. మైదానంలో పెద్ద పిల్లలు ఇంకొక్క ఇన్నింగ్స్ అన్నప్పుడు, ఈ రోజుకు అయిపోయిందని చెప్పడానికి వాడికి ఆ అంకె ఆసరా అవుతుంది.

ప్రశ్న: మాస్టారు గారూ, మేజర్ లీగ్‌లో అన్నిటికంటే తక్కువ కాలం ఆడిన పిచ్చర్ ఎవరు? మన దేశం నుంచి ఎవరైనా అక్కడ పిచ్చర్‌గా ఆడారా?
— ఒక డిగ్రీ విద్యార్థి, యలహంక

జవాబు: నాయనా, లారీ యౌంట్ కంటే తక్కువ ఆడడం ఎవరికీ సాధ్యం కాదు. 1971 సెప్టెంబరు 15న హ్యూస్టన్ జట్టు తరఫున తొమ్మిదో ఇన్నింగ్స్‌లో పిచ్చర్‌గా అతని పేరు ప్రకటించారు. మౌండ్ మీదికి వెళ్లి, బ్యాటర్‌కు వేసే ముందు చేయి వేడెక్కించుకోవడానికి నాలుగు బంతులు వేస్తుండగా మోచేయి పట్టేసింది. ఒక్క బ్యాటర్‌కైనా బంతి వేయకుండానే వెనక్కి వచ్చేశాడు. పేరు ప్రకటించారు కనుక నిబంధనల ప్రకారం అతను ఆ ఆట ఆడినట్టే రికార్డులో ఉన్నది. మళ్లీ ఎప్పుడూ మేజర్ లీగ్‌లో ఆడలేదు. ఒక్క బ్యాటర్‌నూ ఎదుర్కోకుండా ఆ రికార్డుల్లోకి ఎక్కిన పిచ్చర్ అతనొక్కడే. అతని తమ్ముడు రాబిన్ యౌంట్ పిచ్చర్ కాదు, ఫీల్డరు, బ్యాటరు. ఇరవై సీజన్లు మిల్వాకీ జట్టుకే ఆడి, 3,142 హిట్లతో మహా ఆటగాళ్ల గౌరవ జాబితా అయిన హాల్ ఆఫ్ ఫేమ్‌కు చేరాడు. ఒకే ఇంటి బిడ్డలు.

మన దేశం నుంచి మేజర్ లీగ్ దాకా ఎవరూ వెళ్లలేదు గానీ, దాని గడప దాకా ఇద్దరు వెళ్లారు. రింకూ సింగ్, దినేశ్ పటేల్. ఇద్దరూ ఉత్తరప్రదేశ్‌కు చెందిన జావెలిన్ ఆటగాళ్లు. ఈ రింకూ సింగ్ వేరు, ఐపీఎల్‌లో ఆడే రింకూ సింగ్ వేరు, చాలామంది పొరబడుతున్నారు. వేగంగా విసిరే చేతుల కోసం ఒక అమెరికా ఏజెంటు మన దేశంలో పోటీ పెడితే వీళ్లిద్దరూ నెగ్గారు. లాస్ ఏంజెలిస్‌లో టామ్ హౌస్ అనే పేరున్న శిక్షకుడి దగ్గర నెలల వ్యవధిలోనే ఆట నేర్చుకుని, 2008 నవంబరులో పిట్స్‌బర్గ్ పైరేట్స్ సంస్థతో ఒప్పందం చేసుకున్నారు. బేస్‌బాల్ చేతితొడుగు కూడా అంతకుముందు తొడగని కుర్రవాళ్లు అంతవరకు వెళ్లడమే నాకు ఇప్పటికీ ఆశ్చర్యం. దినేశ్ 2010లో ఆ సంస్థ నుంచి బయటికి వచ్చాడు. రింకూ 2012 వరకూ మైనర్ లీగ్‌లో మెట్టు మెట్టుగా ఎక్కాడు. తరువాత మోచేయి అడ్డం తిరిగింది. పైన చెప్పిన టామీ జాన్ ఆపరేషనే అతనికీ అయింది. కోలుకుని పిచ్చర్‌గా పైకి రాలేకపోయాడు. 2018లో అమెరికా ప్రొఫెషనల్ కుస్తీలో చేరాడు.

ప్రశ్న: ముప్పై లోపే ఆట అయిపోతే ఆ పిల్లలు మిగతా బతుకు ఎలా గడుపుతారు? బ్యాంకులో ముప్పై ఆరేళ్లు పనిచేసి పెన్షను తీసుకుంటున్నవాణ్ణి కనుక అడుగుతున్నాను.
— ఒక పాఠకుడు, మల్లేశ్వరం

జవాబు: అయ్యా, మీరు అడిగినది చాలామంది అడగరు. మేజర్ లీగ్‌లో 43 రోజులు జట్టు జాబితాలో ఉంటే చాలు, కొంత పెన్షనుకు హక్కు వస్తుంది. 1980 తరువాత వచ్చిన ఏర్పాటు ఇది, అంతకుముందు నాలుగేళ్లు కావలసి ఉండేది. ఎక్కువ రోజులు ఆడినవాళ్లకు ఎక్కువ. కానీ పిచ్చర్లలో అత్యధికులు మేజర్ లీగ్ ముఖం చూడకుండానే మైనర్ లీగ్ బస్సు ప్రయాణాల్లోనే చేయి పోగొట్టుకుని ఇళ్లకు వెళ్లిపోతారు. చాలీచాలని జీతంతో బతికిన ఆ కుర్రవాళ్లకు ఆటగాళ్ల యూనియన్‌లో చోటు దొరికింది 2022లో, వాళ్ల తరఫున మొదటి సమష్టి ఒప్పందం కుదిరింది 2023లో. అర్ధ శతాబ్దం ముందే జరగవలసిన పని అది.

ఫిడ్రిచ్ తన సంపాదనతో సొంత ఊరి దగ్గర, నార్త్‌బరోలో, పొలం కొనుక్కున్నాడు. పది చక్రాల లారీ నడిపి మట్టి, కంకర తోలాడు. భార్య, కూతురుతో అక్కడే ఉంటూ, తీరిక దొరికినప్పుడు అత్తగారి హోటల్లో పనికి సాయం చేసేవాడు. 2009 ఏప్రిల్‌లో తన లారీ కింద దూరి మరమ్మతు చేస్తుండగా, తిరుగుతున్న షాఫ్టులో బట్టలు చిక్కుకుని ప్రాణం పోయింది. యాభై నాలుగేళ్లు.

అంతకు పదేళ్ల ముందు, 1999 సెప్టెంబరు 27న, డెట్రాయిట్‌లోని పాత టైగర్ స్టేడియంలో చివరి ఆట జరిగింది. ఆట ముగిశాక పాత ఆటగాళ్లను మైదానంలోకి పిలిచారు. అందరికంటే ముందు ఫిడ్రిచ్ పరుగెత్తుకుంటూ వచ్చాడు. నేరుగా మౌండ్ దగ్గరకు వెళ్లి మోకాళ్ల మీద కూర్చుని, వెంట తెచ్చుకున్న ప్లాస్టిక్ సంచిలోకి ఆ మట్టిని చేతులతో ఎత్తుకున్నాడు.